దంతవైద్యుని శీతల కాఫీ మథనం

వినండి, వినండి! చెవులున్నవారు చెవులు అప్పగించండి, పళ్లున్నవారు పళ్లు బిగించండి, రెండూ లేనివారు వెనక వరసలో కూర్చుని తలలూపితే చాలు. ప్రచండ మార్తాండుడు నడినెత్తిన నిలిచి, మేడల కప్పులను పెనములుగా కాల్చి, వీధికుక్కలను ఆగి ఉన్న కార్ల కిందికి తరిమి, తిరిగెడు ఫ్యాన్ల చేత సైతము నిట్టూర్పులు విడిపించుచున్న ఒకానొక గ్రీష్మ మధ్యాహ్నమున, మూడవ అంతస్తులో, కుడి చేయి చాచిన పొయ్యియు ఎడమ చేయి చాచిన ఫ్రిజ్జును తగులునంతటి విశాలమైన వంటగది యను రణరంగమందు, చొక్కా చేతులు మోచేతుల దాకా మడిచి, భార్యామణి పువ్వుల ఏప్రను నడుమున బిగించి, ఫ్రీజరు తలుపునకు ఎదురుగా రొమ్ము విరిచి నిలిచెనొక వీరుడు!

ఎవరా వీరుడంటారా? దంతోత్పాటన ధురంధరుడు, జ్ఞానదంత గర్వాపహారి, పిప్పిపన్ను పిశాచ భంజనుడు, వేయి దవడలు చూసి ఒక్క దవడకూ వెరవనివాడు, ఆ వీధి మలుపులో మెట్లెక్కగానే ఎడమ చేతి వైపు క్లినిక్కు గల పళ్ల డాక్టరు. ఏడుస్తూ వచ్చిన పిల్లలను నవ్విస్తూ ఇంటికి పంపిన చేతులవి. ఆ చేతులకే ఇప్పుడు పరీక్ష వచ్చింది. పన్నైతే భయపడేవాడు కాదు పాపం, ఈసారి మెప్పించవలసింది అత్తగారిని.

ఆవిడ అప్పుడు ముందుగదిలో సోఫా మీద, ఎడమ బుగ్గ బంతిలా ఉబ్బి, కొంగు దానికి ఆన్చుకుని, గోడ గడియారంతో కళ్లతోనే మాట్లాడుతూ కూర్చుని ఉంది. కాఫీపానైకవ్రత ఆవిడ. కాఫీ కడుపులో పడనిదే దేవుడు పిలిచినా పలకని మనిషి. కూతురిని కనడానికి ఆసుపత్రికి బయలుదేరుతూ, నొప్పులు పడుతూనే గుమ్మంలో నిలబడి గ్లాసు ఖాళీ చేసి మరీ బండెక్కిందని ఇంట్లో ఈనాటికీ చెప్పుకుంటారు. అటువంటి మనిషి నోట్లో నిన్నటి నుంచి ఒక్క గుక్క కాఫీ పడలేదు. దానికి కారకుడు అల్లుడే.

నిన్న పొద్దున ఏం జరిగిందో చెప్పకపోతే కథ నడవదు. ఆవిడ కింది దవడలో ఎడమ వైపు అట్టడుగున, అద్దె కట్టకుండా ఏళ్ల తరబడి కాపురముంటూ, వక్రమూల సమన్వితమై, ఖాళీ చేయనని మొండికేసిన ఒక పిప్పిపన్నును అల్లుడు స్వహస్తాలతో పీకాడు. పీకాడంటే మాటలా? పట్టుకారు పట్టి లాగితే పైభాగం ఊడివచ్చింది, వేళ్లు లోపలే ఉండిపోయాయి, ఒక్కో వేరుకూ ఒక్కో యుద్ధం జరిగింది. మత్తుసూది పుణ్యమా అని ఆవిడకు నొప్పి తెలియలేదు గానీ చప్పుడు తెలిసింది. తన పుర్రెలో ఎవరో పాత తలుపు ఊడబీకుతున్న చప్పుడు. ఆ ఊడబీకేవాడు తాను ఏరికోరి పిల్లనిచ్చిన అల్లుడాయె.

అంతా అయ్యాక అతను ఆంక్షలు విధించాడు. రెండు రోజులు వేడిది ముట్టకూడదు. స్ట్రా పెట్టి పీల్చకూడదు. గరుకైనదేదీ ఆ వైపు తగలకూడదు. గాయం మీద కట్టిన నెత్తురు గడ్డ ఊడిందంటే లోపలి ఎముక బయటపడి ప్రాణం తోడేస్తుందని బొమ్మ గీసి మరీ వివరించాడు. ఆవిడ బొమ్మ వైపు చూడలేదు. అరువిచ్చిన గిన్నె సొట్టపడి తిరిగొస్తే పొరుగింటావిడను చూసే చూపు అల్లుడి వైపు చూసి, కొంగు నోటికడ్డం పెట్టుకుని క్లినిక్కు మెట్లు దిగింది.

ఈ పొద్దున కూతురు ఆఫీసుకు చెప్పులు వేసుకుంటుంటే ఆ తల్లి ప్రతిజ్ఞ చేసింది. వాచిన నోటితో, నెమ్మదిగా, ఒక్కో మాటా తూచి మరీ చేసింది.

"ఆ అబ్బాయి మంచివాడే, కాదనను. కానీ నా నోరు మాత్రం ఇక అతని చేతికివ్వను. సాయంత్రం నా కాఫీ నేనే కలుపుకుంటా, పొగలు కక్కేది. ఏమవుతుందో చూద్దాం."

స్నానాలగది తలుపు వెనక, సబ్బు చేతపట్టి నిలబడ్డ డాక్టరు చెవిన ఈ మాట పడింది. ఊరందరూ నోళ్లు తెరిచి తలకాయలు తన చేతుల్లో పెట్టేవారే, ఇంటిమనిషి మాత్రం నోరు మూసేసుకుంది. ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. ఇతను రచ్చ గెలిచి ఇంట ఓడాడు. సబ్బు నీళ్లలో పడిపోయిన సంగతి కూడా చూసుకోలేదు.

కాసేపటికి భార్య ఆఫీసు నుంచి ఫోన్ చేసింది. తన తల్లి సంగతి తనకు తెలుసని, భుజం దగ్గర బిగుతుగా కుట్టాడని ఒక దర్జీని వదిలేసినావిడ ఆ దర్జీ ఉన్న వీధిలో కూరగాయలు కొనడం కూడా మానేసిందని, ఏం చేసినా ఈ సాయంత్రం కాఫీ వేళలోపే చేయమని, తర్వాత తాను కూడా ఏమీ చేయలేనని చెప్పి పెట్టేసింది. డాక్టరు మధ్యాహ్నం నుంచి క్లినిక్కు మూసేశాడు.

అయితే ఆ కార్యశూరుడు చేతులు ముడుచుకు కూర్చునే రకం కాదు. నిన్న సాయంత్రం కాఫీ వేళకు అత్తగారు విడిచిన దీర్ఘనిశ్వాసానికి కిటికీ పరదా కదలడం కళ్లారా చూసినవాడై, అప్పటికప్పుడే ఒక వ్యూహం పన్నాడు. వేడి పనికిరాదు, కాబట్టి మంచు. స్ట్రా పనికిరాదు, కాబట్టి చెంచాతో తినేంత చిక్కన. గరుకు పనికిరాదు, కాబట్టి ఐసు పలుకు ఒక్కటి కూడా మిగలని వెన్నలాంటి నునుపు. మంచినీళ్ల ఐసు వేస్తే కాఫీ పలచబడి గిన్నెలు కడిగిన నీళ్లవుతుందని ఎరిగినవాడు గనుక, చిక్కటి డికాక్షన్ తీసి, చక్కెర కలిపి, దాన్నే ఐసు ట్రేలో పోసి ఫ్రీజర్లో దాచాడు. ఇప్పుడు దాన్ని తీసి, పాలు కలిపి, మిక్సీలో చిలకడమే తరువాయి. చెప్పుకుంటే ఇంతే.

ఫ్రీజరు తలుపు తెరిచాడు. నెలల తరబడి పేరుకున్న తెల్లటి మంచు గుహలో, బఠాణీల పొట్లాల చాటున, ఐసు ట్రే అడుక్కి అతుక్కుపోయి ఉంది. లాగితే కదల్లేదు. గట్టిగా లాగితే ఫ్రిజ్జే ముందుకు కదిలింది.

"ఓరీ హిమదుర్గమా! అస్మత్ హస్తనిర్మిత కాఫీ ఘనములను నీ శీతలోదరమున బంధించి యెంతకాలము మిడిసిపడెదవు? మర్యాదగా విడువుము. విడువవేని, నీ తీగ గోడ నుండి పెరికి, నిన్ను వట్టి బీరువాగా మార్చి, నీలో పాత బట్టలు కుక్కెద" నని గర్జింపదలచినవాడై, పక్కనే మామగారు నిలబడి ఉన్నందున, "అతుక్కుపోయినట్టుంది మామయ్యగారూ" అని మాత్రం అన్నాడు.

మామగారు రిటైరైన డ్రాయింగు మాస్టరు. ఏ పనీ తాను చేయడు, ఏ పనినీ ఒంటరిగా జరగనివ్వడు. నిన్నటి నుంచి మాత్రం, ఎవరూ చూడనప్పుడు వంటగదిలో దూరి గిన్నెలు చప్పుడు చేస్తున్నాడు, అడిగితే ఏమీ లేదంటున్నాడు. ఆయన ఇప్పుడు కత్తితో పొడవమని ఒక సలహా, వేడినీళ్లు పొయ్యమని ఇంకో సలహా ఇచ్చి, రెండూ ప్రమాదమేనని తానే తేల్చేశాడు.

డాక్టరు ఒక్క క్షణం కళ్లు మూసుకున్నాడు. పన్ను పీకడానికి కావలసింది బలం కాదని, ఒడుపని, లాగితే విరుగుతుందని, లోపలికి కొంచెం బయటికి కొంచెం ఊపుతూ పోతే అదే దారిస్తుందని పట్టా పుచ్చుకున్న మనిషి. చెంచా కాడ ట్రే అంచు కింద దూర్చాడు. ఎడమకు ఒత్తాడు, కుడికి ఒత్తాడు, మళ్లీ ఎడమకు. మంచు కిర్రుమంది, తర్వాత పెళ్లుమంది, ఆపైన గోధుమవర్ణ ఘన ఖండ మండితమైన ఆ ట్రే సమూలంగా ఊడి అరచేతిలోకి వచ్చింది. అలవాటు చొప్పున "అయిపోయిందండీ, పుక్కిలించండి" అనబోయి నాలుక కరుచుకున్నాడు.

ఇక మిక్సీ. జారులో ఘనములు పడినవి, పాలు పడినవి, మూత పడినది, మూతపై వీరుని వామహస్తము పడినది. దక్షిణహస్తము మీట త్రిప్పినంతనే, ఘడఘడారావములు గోడలకు మొత్తుకొని, అలమారలోని గిన్నెలు ఒండొంటిని కౌగిలించుకొని, పై వాటాలో నిద్రించు ఉద్యోగి మంచము నుండి లేచి కూర్చుండి, పక్క వాటావారు టీవీ సౌండు పెంచిరి. ముందుగదిలో అత్తగారు కూడా ఉలిక్కిపడి, రెండు చేతులూ ఎడమ బుగ్గ మీద వేసుకుంది. వంటగది గుమ్మంలోంచి డాక్టరు అది చూశాడు. చూశాడు గానీ అప్పటికి చేయి మూత మీదుంది, మనసు ఐసు మీదుంది.

చప్పుడు ఆగింది. మూత తీస్తే జారులో లేత గోధుమరంగు నురగ, చిక్కగా, చెంచా నిలబెడితే నిలిచేంత చిక్కగా తయారై ఉంది. రుచి చూద్దామని చెంచాడు నోట్లో వేసుకున్నాడు.

ఇక్కడ ఒక రాజరహస్యం బయటపెట్టక తప్పదు. మన ధురంధరుడికి పైదవడలో ఒక పన్ను, చల్లటిది తగిలితే చాలు, జివ్వుమంటుంది. లోకం పళ్లన్నీ బాగుచేసేవాడికి తన పన్ను చూపించుకునే తీరిక లేదని చెబుతుంటాడు. అది అబద్ధం. ఇంకో డాక్టరు ముందు నోరు తెరవాలంటే అతనికి భయం. ఇప్పుడు ఆ పన్ను మీద మంచు పడగానే తల వెనక నుంచి మడమ దాకా ఒక మెరుపు మెరిసి, కళ్లలో నీళ్లు తిరిగి, నాలుకకు రుచి అనే సంగతే తెలియకుండా పోయింది. చల్లగా ఉంది, చిక్కగా ఉంది, అంతవరకు తెలిసింది. అదే చాలనుకుని గ్లాసులో పోసి, చెంచా వేసి, రెండు చేతులా పట్టుకెళ్లి అత్తగారి ముందు పెట్టాడు.

ఆవిడ గ్లాసు వైపు చూసింది. రంగు చూసింది. పద్దెనిమిది ఏళ్ల పిల్లలా ఆవిడ కళ్లు మెరిశాయి, అయినా ముఖం బిగించుకుని చెంచా తీసుకుంది. ఒక చెంచా నోట్లో పెట్టుకుని కుడి వైపుకు తిప్పుకుంది. మింగింది. ఆ తర్వాత చెంచాను మెల్లగా గ్లాసు పక్కన పెట్టి, గొంతులో కోపమనేదే లేకుండా అడిగింది.

"బాబూ, మీ వాళ్లు కాఫీలో ఉల్లిపాయ వేస్తారా?"

సరిగ్గా అప్పుడే వంటగదిలోంచి, తెరిచిన ఫ్రీజరు తలుపు పట్టుకుని, మామగారి ఆర్తనాదం వినిపించింది. ఆయన సూపు ట్రే కనబడడం లేదట. ఏ సూపని ఇద్దరూ ఒక్కసారే అడిగితే అప్పుడు ఆ గుట్టు బయటపడింది. భార్య గట్టిది నమలలేదు గదా అని ఆ మహానుభావుడు నిన్న కూరగాయలన్నీ ఉడికించి, ఉల్లిపాయ, మిరియాలు వేసి మరిగించి, వడగట్టి, పాడవకుండా ఉంటుందని ఐసు ట్రేలో పోసి ఫ్రీజర్లో పెట్టాడు. పుట్టి బుద్ధెరిగాక నీళ్లు కూడా కాచి ఎరుగని మనిషి. బాగా కుదిరాక చెబుదామని దాచాడు. రెండు ట్రేలూ ఒకే అంగడిలో కొన్నవి, రెండింటిలోనూ అదే గోధుమరంగు. ఒకే ఇంట్లో ఇద్దరు మగవాళ్లు ఒకే ఆడమనిషి కోసం ఒకరికి తెలియకుండా ఒకరు ఒకే ఫ్రీజర్లో కుట్ర పన్నితే ఇలాగే ఉంటుంది మరి.

అత్తగారు భర్త వైపు తిరిగింది. "మీరు వండారా?" అని అడిగింది. ఆయన తల వంచుకుని, ఉప్పు సరిపోయిందా అని అడిగాడు. ఆవిడ మొహంలో ఏదో కరిగింది గానీ, కాఫీ కోరిక ముందు కరుగుడెంతసేపు? కొంగు నడుముకు చెక్కి లేచింది. ఇద్దరినీ తప్పించుకుని వంటగదిలోకి నడిచి, ఫ్రిజ్జులోంచి పాల ప్యాకెట్టు తీసి, సగం గిన్నెలో పోసి పొయ్యి మీద పెట్టి, మంట వెలిగించింది. పక్కనే డికాక్షన్ గిన్నె, చక్కెర డబ్బా, తన గ్లాసు, పద్ధతిగా సర్దుకుంది. చేతికి ఆయుధమందిన సేనాధిపతి కూడా అంత నిబ్బరంగా నిలబడడు.

"హా! క్షణకాలము నిలువుము తల్లీ! నీ దంతమూలక్షతము నెత్తుటి కవచము ధరించి యుండగా, ఉష్ణోదకాగ్నిజ్వాలల కెదురేగుట తగునా? ఈ దాసుడు మంచుకొండలనే పిండి చేసి, కాఫీ సుధాసముద్రమునే చిలికి, నీ పాదములకడ నుంచు వరకు ఆ కాలకూటమును పెదవులకు సోకనీయకుము" అని చేతులెత్తి మొక్కదలచినవాడై, అల్లుడు ఇలా మాత్రం అన్నాడు.

"అత్తయ్యగారూ, పాలు పొంగేలోపు ఇస్తాను. ఇవ్వలేకపోతే ఆపైన మీ ఇష్టం."

"పాలు నా మాటే వినవు బాబూ," అంది ఆవిడ. "సరే, పొంగేదాకా ఆగుతా."

అంతే, గిన్నె అంచున పాలు వెచ్చబడడం మొదలైంది. ఇంతకన్నా కఠినమైన కాలగణన యంత్రం లోకంలో ఎక్కడైనా ఉందేమో చెప్పండి. డాక్టరు మంచు గుహలో తల దూర్చాడు. బఠాణీలకు వెనక, ఇంకా లోతున, అసలు ట్రే దొరికింది. ఈసారి మోసపోదలచుకోలేదు. ఒక మూల నాలుక ఆనించాడు, పన్ను జివ్వుమంది, కానీ ఆ జివ్వుకు ముందే కమ్మటి చేదు తగిలింది. కాఫీయే. చెంచా కాడతో ఊపి ఊపి ఊడదీశాడు. ఉల్లి వాసన పోయేలా జారు కడిగి, మిగిలిన పాలు అందులో పోశాడు. తొందరలో ఘనాలన్నీ ఒక్కసారే కుమ్మరించి, మూత నొక్కి మీట తిప్పాడు.

మిక్సీ ఒక్క పెట్టున రంకె వేసింది, మూలిగింది, పళ్లు కొరికింది, గుటుక్కుమని ఆగిపోయింది. మీట తిప్పినా పలకలేదు. చిన్నగా కమిలిన వాసన వచ్చింది.

"కాలిపోయింది," అన్నాడు మామగారు. పెళ్లికి పెట్టిన మిక్సీ అని కూడా అన్నాడు, ఆ సమయంలో ఎవరికీ అక్కర్లేని మాట.

గిన్నెలో పాల మీద సన్నటి మీగడ పొర కదిలింది. ఆహా, ఏమని చెప్పను ఆ వీరుడి దురవస్థ! రథచక్రము విరిగెను, సారథి చూడగా శత్రువు సమీపించెను, చేత మిగిలినది చెంచా. అతనికి నిజంగానే ఏడుపు వచ్చింది. తలెత్తి చూస్తే అత్తగారు, మిక్సీ రంకెకు మళ్లీ ఉలిక్కిపడి, పొయ్యి గట్టు పట్టుకుని, రెండో చేయి బుగ్గ మీద వేసుకుని నిలబడి ఉంది. ఆ చేయి చూడగానే అతనికి నిన్నటి కుర్చీ కళ్లముందు మెదిలింది.

క్లినిక్కులో ఎవరొచ్చినా అతను మాట్లాడుతూనే ఉంటాడు. ఇప్పుడు చిన్న సూది, చీమ కుట్టినట్టుంటుంది. ఇప్పుడు కొంచెం చప్పుడొస్తుంది, అది నా మిషన్ చప్పుడు, మీ పన్నుది కాదు. ఐదేళ్ల పిల్లకైనా, ఎనభై ఏళ్ల ముసలాయనకైనా ముందు చెప్పి చేస్తాడు. ఆ మాటలే అతని సగం మందు. నిన్న మాత్రం కుర్చీలో ఉన్నది అత్తగారు గదా అని, పెద్దావిడ ముందు వాగడమేమిటని, భక్తితో నోరు మూసుకుని పని చేశాడు. మొదటి నుంచి చివరి దాకా ఒక్క ముక్క మాట్లాడలేదు. ఆవిడ ఆ చప్పుడులో ఒంటరిగా పడుకుని ఉండిపోయింది. తాను నోరు తెరవని పాపానికే ఆవిడ నోరు మూసుకుందని ఆ డాక్టరుకు పొయ్యి పక్కన నిలబడి తెలిసింది.

"అత్తయ్యగారూ," అన్నాడు, గొంతు సవరించుకుని. "ఇది కాలిపోలేదు. బరువెక్కువైతే దానంతటదే ఆగిపోతుంది. కింద ఒక ఎర్ర బొత్తాం ఉంటుంది. ఇప్పుడు మిక్సీని తిరగేస్తున్నా."

జారు తీసి పక్కన పెట్టి, మిక్సీని తిరగేశాడు. దాని పొట్ట కింద, ఏనాటి పిండో, ఏనాటి ఆవగింజలో అతుక్కున్న మూలలో, ఎర్రటి బొత్తాం బయటికి పొడుచుకొచ్చి ఉంది. వేలితో నొక్కాడు. టిక్కుమంది. సగం ఘనాలు జారులోంచి తీసేసి వేరే గిన్నెలో వేశాడు.

"ఇప్పుడు పెద్ద చప్పుడొస్తుంది," అన్నాడు. "రెండు క్షణాలే. ఆపేస్తా, మళ్లీ వేస్తా. మీకు ఎప్పుడు వద్దనిపిస్తే అప్పుడు చెయ్యెత్తండి, ఆపుతా."

అత్తగారు అతని వైపు చూసింది. బుగ్గ మీది చేయి తీయలేదు గానీ తల ఊపింది.

మీట తిరిగింది, ఆగింది, తిరిగింది, ఆగింది. ప్రతిసారీ ముందు మాట, తర్వాత చప్పుడు. "ఇంకొక్కసారి అత్తయ్యగారూ." ఘుర్రు. "ఇప్పుడు ఇంకో నాలుగు ముక్కలు వేస్తున్నా, టకటకమంటాయి, అంతే." టకటక, ఘుర్రు. మిక్సీ కూడా ఆ మర్యాదకు లొంగిపోయినట్టుంది, మొరాయించకుండా తిరిగింది. మూడో చప్పుడుకు అత్తగారు ఉలిక్కిపడలేదు. ఐదో చప్పుడుకు బుగ్గ మీది చేయి కిందికి దిగింది. ఆవిడ మెడ చాచి జారులోకి తొంగిచూడడం కూడా డాక్టరు కంటపడింది.

ఇటు పొయ్యి మీద పాలు అంచుల చుట్టూ బుడగలు కడుతున్నాయి. మామగారు గోడ వైపు చూస్తూ, ఎవరికీ సంబంధం లేనట్టు నడుచుకుంటూ వచ్చి, చేయి వెనక్కి పెట్టి, మంట సగానికి తగ్గించాడు. డ్రాయింగు మాస్టరు జీవితంలో గీసిన గీతలన్నింటికన్నా సున్నితమైన పని అది. అత్తగారు చూసింది. చూసీ చూడనట్టు ఊరుకుంది.

ఇక చివరి పరీక్ష మిగిలింది. ఐసు పలుకు ఇసక రేణువంత మిగిలినా గాయంలో గుచ్చుకుంటుంది. రుచి చూడడానికి తాను సిద్ధమని మామగారు ముందుకొచ్చాడు గానీ, ఆయనవి కట్టుడు పళ్లు, వాటికి గులకరాయీ గులాబీ రేకూ ఒకటే. చూడవలసింది జివ్వుమనే పన్నున్నవాడు. డాక్టరు చెంచాడు తీసుకుని, తెలిసి తెలిసి, సరిగ్గా ఆ పన్ను మీదే పెట్టి పెదవులు బిగించాడు. సూదిపోటు. ఒక పలుకు మిగిలే ఉంది. కళ్లు తుడుచుకుని, "ఇంకొక్కసారి చప్పుడు," అని చెప్పి మళ్లీ తిప్పాడు. మళ్లీ చెంచాడు, మళ్లీ ఆ పన్ను మీదే. చల్లదనం వచ్చింది, ఒళ్లంతా జలదరించింది, కళ్లలో నీళ్లు గిర్రున తిరిగాయి, కానీ ఎక్కడా గుచ్చుకోలేదు. ఆ పైన కాఫీ రుచి, చక్కెర రుచి, పాల రుచి ఒకదాని వెనక ఒకటి మెల్లగా తెలిశాయి.

"నువ్వెందుకు ఏడుస్తున్నావు బాబూ?" అని అడిగింది అత్తగారు.

"నాకూ ఒక పన్ను బాగాలేదు అత్తయ్యగారూ. చూపించుకోవాలంటే భయం."

ఆవిడ గ్లాసు తానే అందించింది. అతను ఒంపాడు. జారులోంచి అది కారలేదు, నునుపుగా, ఒక్క ముద్దగా జారి, గ్లాసులో మడతలు మడతలుగా కూర్చుంది. అత్తగారు నిలబడే మొదటి చెంచా తీసుకుంది. కుడి వైపు తిప్పుకుంది. రెండో చెంచా తిప్పుకోవడం మరిచిపోయింది. మూడో చెంచాకు కళ్లు మూసుకుంది.

అప్పుడు పొంగినవి పాలు. తగ్గించిన మంటను కూడా ధిక్కరించి, తెల్లటి నురగ తల పైకెత్తి, గిన్నె అంచు దాటి, పొయ్యి మీద సుయ్యిమని కారి, గట్టు మీదికి పాకి, చక్కెర డబ్బా అడుగు తడిపింది. కాపురానికి వచ్చిన నాటి నుంచి ఒక్క చుక్క పాలు పొంగనివ్వని ఇల్లాలు ఆవిడ. పాల వాసన పక్క గదిలో ఉన్నా పసిగట్టే మనిషి. మామగారు కెవ్వుమనబోయి, అల్లుడు సైగ చేస్తే ఆగి, మంట ఆర్పేశాడు. ఆవిడ అటు తిరిగి కూడా చూడలేదు. చెంచాతో గ్లాసు అడుగు గీకుతోంది.

గీకడం పూర్తయ్యాక గ్లాసు కింద పెట్టింది. అల్లుడు ఆ పువ్వుల ఏప్రనుతోనే, తీర్పు వినే ముద్దాయిలా నిలబడ్డాడు. ఆవిడ కొంగుతో మూతి తుడుచుకుంది.

"నిన్న కూడా ఇట్లా చెప్పి చేసి ఉంటే, నేనంత భయపడేదాన్ని కాదు."

"తప్పే అత్తయ్యగారూ," అన్నాడు అతను. "మీరని మొహమాటపడ్డాను."

ఆవిడ వాపు లేని కుడి బుగ్గ మీద వేలు పెట్టింది.

"ఈ పక్కది కూడా సలుపుతోంది. చాలా రోజులైంది. మీ మామయ్యకు కూడా చెప్పలేదు. ఒకసారి చూడు. పీకాల్సి వస్తే మాత్రం, ముందు చెప్పి పీకు."

మ్రోగింపుడు దుందుభులు! ఊదుడు శంఖములు! పై వాటా ఉద్యోగీ, ఇక నిశ్చింతగా నిద్రింపుము! పక్క వాటావారలారా, టీవీ సౌండు తగ్గింపుడు! ఏ కోటలు కూలలేదు, ఏ కిరీటములు దొరలలేదు, ఒక గిన్నెడు పాలు మాత్రము నేలపాలైనవి. అయినను ఈ గ్రీష్మ మధ్యాహ్నమున, ఈ మూడవ అంతస్తున, హిమదుర్గ భేదనుడై, ఎర్రబొత్తాము నెరిగినవాడై, స్వదంతవేదనను తృణీకరించినవాడై, ఒక అల్లుడు ఒక దవడను జయించెను. ఈ గాథ విన్నవారి ఐసు ట్రేలు అతుక్కొనకుండుగాక, వారి సూపును వారి కాఫీని ఒక్క చోట గడ్డకట్టకుండుగాక, వారి పళ్లు వారి నోళ్లలోనే కలకాలము కాపురముండుగాక!

డాక్టరు చేతులు కడుక్కుని, ఏప్రనుకు తుడుచుకుని, ఫోనులో లైటు వేశాడు. "ఇప్పుడు లైటు వేసి చూస్తానంతే అత్తయ్యగారూ, ఏమీ చెయ్యను," అన్నాడు. అత్తగారు వంటగది స్టూలు మీద కూర్చుని, తల వెనక్కి వాల్చి, నోరు తెరిచింది.